నీళ్లు గీసిన గీత

జపాన్ కత్తిని మ్యూజియంలో అద్దం వెనక చూసినప్పుడు ముందుగా కంటికి ఆనేది అంచు వెంట మొదలు నుంచి మొన దాకా సాగే తెల్లటి పట్టీ. కొన్నిటి మీద అది అలల్లా లేచి పడుతుంది, కొన్నిటి మీద తాడు లాగినట్టు తిన్నగా పోతుంది. అలంకారం కోసం ఎవరో చెక్కారనో, ఆమ్లంతో తినిపించారనో చాలామంది అనుకుంటారు. చౌకగా దొరికే నకిలీ కత్తుల మీద నిజంగా అలాగే చేస్తారు కూడా. అసలైన కత్తి మీద మాత్రం దాన్ని ఎవరూ గీయలేదు. అంచు దగ్గర ఉక్కు ఒక రకంగా, వెన్ను వైపు ఇంకో రకంగా మారిపోగా, ఆ రెంటికీ నడుమ పడిన పొలిమేర అది. జపాన్ వాళ్లు దాన్ని హామొన్ అంటారు. కత్తి ఉన్నంత కాలం ఆ గీత ఉంటుంది. అది పుట్టడానికి పట్టిన సమయం మాత్రం కొన్ని క్షణాలే.

ఉక్కును ఎర్రగా కాచి నీళ్లలో ముంచితే గట్టిపడుతుందని మన ఊళ్లలో కొడవళ్లూ గొడ్డళ్లూ చేసే కమ్మరులకీ తెలుసు. అయితే గట్టిపడిన ఉక్కు పెళుసుగా కూడా మారుతుంది. కత్తి మొత్తాన్ని అలా గట్టిపరిస్తే మొదటి దెబ్బకే రెండు ముక్కలవుతుంది. మెత్తగా వదిలేస్తే వంగిపోతుంది, అంచు నిలవదు. ఒకే కత్తిలో అంచు గట్టిగా, వెన్ను సాగుడుగా ఉండాలి. దీనికి జపాన్ కమ్మరి ఎంచుకున్న సాధనం మట్టి.

బంకమట్టి, బొగ్గుపొడి, సానరాతి పొడి కలిపి నీళ్లతో ముద్దగా చేస్తారు. పాళ్లు ఎవరివి వారివే. సానపట్టక ముందు, గరుకుగా ఉన్న కత్తికి సన్నటి గరిటెలాంటి పనిముట్టుతో ఆ మట్టి పూస్తారు. వెన్ను వైపు మందంగా, అంచు వైపు బాగా పల్చగా. మందంగా ఉన్నచోట వేడి నిదానంగా దిగుతుంది. పల్చటి పూత కింద వేగంగా దిగుతుంది. ఇక్కడ ఒక విశేషం ఉంది. అంచుకు అసలు మట్టి పూయకపోతే ఇంకా త్వరగా చల్లారుతుందని అనిపిస్తుంది గానీ జరిగేది వేరు. కాలిన ఉక్కు నీళ్లను తాకగానే దాని చుట్టూ ఆవిరి పొర కమ్ముకుని వేడిని బయటికి పోనివ్వదు. పల్చటి మట్టి ఆ ఆవిరి పొరను నిలవనివ్వదు. అందుకే పూత ఉన్న అంచు పూత లేని అంచు కన్నా త్వరగా చల్లారుతుంది. ఉష్ణశాస్త్రం పుస్తకాలు లేని రోజుల్లో ఈ సంగతిని చేతులతో పట్టుకున్నవాళ్లు వీళ్లు.

పూత ఆరాక కొలిమి దగ్గర వెలుతురు రాకుండా తలుపులు మూసేస్తారు, లేదా రాత్రి దాకా ఆగుతారు. ఉక్కు రంగు చూసి వేడి అంచనా కట్టాలి, పగటి వెలుగులో ఆ రంగు మోసం చేస్తుంది. చిన్న ముక్కలుగా కొట్టిన దేవదారు జాతి చెట్ల బొగ్గులో కత్తిని ముందుకూ వెనక్కూ జరుపుతూ మొదలు నుంచి మొన దాకా ఒకే రంగు వచ్చేలా కాస్తారు. కావలసింది సుమారు 750 నుంచి 800 డిగ్రీలు. తక్కువైతే గట్టిపడదు, ఎక్కువైతే ఉక్కు రేణువులు ముతకబారి పగుళ్లు వస్తాయి. ఆ తర్వాత కత్తిని ఒక్క ఊపులో నీళ్ల తొట్టిలో దించుతారు.

ఆ నీళ్లలో జరిగేది చెబితే నమ్మబుద్ధి కాదు. కొలిమిలో పెట్టేటప్పుడు కత్తి దాదాపు తిన్నగానే ఉంటుంది. నీళ్లలో పడగానే అంచు ముందు చల్లారి కుంచించుకుంటుంది కాబట్టి కత్తి ఒక క్షణం మొన కిందికి వంగుతుంది. ఆ వెంటనే అంచులోని ఉక్కు మార్టెన్‌సైట్ అనే గట్టి రూపానికి మారుతూ పొంగుతుంది. అప్పుడు మొన పైకి లేస్తుంది. చివరికి వెన్ను కూడా చల్లారి కుంచించుకోవడంతో ఆ వంపు స్థిరపడుతుంది. జపాన్ కత్తిని చూడగానే మనసుకి పట్టే ఆ అందమైన వంపులో చాలా భాగం సమ్మెటతో కొట్టి తెచ్చింది కాదు. నీళ్లే తెచ్చాయి. ఎంత వంపు వస్తుందో ముందే ఊహించి, ఆ మేరకు తక్కువ వంచి ఉంచుతాడు కమ్మరి. ఇక్కడే నెలల కష్టం మట్టిపాలయ్యే ప్రమాదం కూడా ఉంది. అంచుకు అడ్డంగా వెంట్రుకంత పగులు వచ్చినా ఆ కత్తి పనికిరాదు.

మట్టి రాలగొట్టి, రాళ్ల మీద నూరాక గీత బయటపడుతుంది. దగ్గరగా చూస్తే అది గీత కాదని తెలుస్తుంది. కొన్ని కత్తుల్లో అది విడివిడిగా కంటికి ఆనే మెరుపు నలుసుల వరుస. ఉప్పుమడిలో ఎండ పడిన కల్లుప్పు మెరిసినట్టు ఉంటుంది. దీన్ని నియె అంటారు. కొన్నిటిలో నలుసులు కంటికి ఆనవు, తెల్లవారుజామున చెరువు మీద పరుచుకున్న మంచులా ఉంటుంది. అది నియొయి. లోహం ఒకటే, నలుసుల పరిమాణమే తేడా. సగామి ప్రాంతపు కమ్మరుల బలం నియె. వాళ్లలో పేరు మోసిన మసమునె కత్తుల్లో ఈ నలుసులు కొన్నిచోట్ల బంగారు తీగల్లా సాగుతాయి, కొన్నిచోట్ల చీపురుతో ఊడ్చిన ఇసుకలా చారలు తేలతాయి. బిజెన్ ప్రాంతం వాళ్లది నియొయి. ఇప్పటి ఒకాయమా ప్రాంతంలోని ఒసఫునె, ఫుకుఒకా గ్రామాల కమ్మరులు వాళ్లు.

బిజెన్ వాళ్ల ప్రసిద్ధ నమూనా పేరు చోజి. చోజి అంటే లవంగం. వంటింట్లోంచి ఒక లవంగం తీసి పక్క నుంచి చూడండి: సన్నటి కాడ, పైన ఉబ్బిన తల. అలాంటి లవంగాలను అంచు వెంట నిలబెట్టి, తలలు వెన్ను వైపు ఉండేలా, ఒకదాని మీద ఒకటి ఎక్కేలా కిక్కిరిసి పేరిస్తే ఎలా ఉంటుందో 13వ శతాబ్దపు ఫుకుఒకా ఇచిమొంజి కత్తులు అలా ఉంటాయి. వాటిలో మకుటం లాంటిది యమతొరిగె. దాదాపు 80 సెంటీమీటర్ల పొడవు. చేసినవాడి సంతకం లేదు. ఒకప్పుడు ఉఎసుగి వంశం వారిది, ఇప్పుడు జపాన్ జాతీయ నిధి. గీత అడవిపక్షి ఈకల్లా ఉందని ఆ పేరు వచ్చిందంటారు, కొండ మీద రగిలిన కార్చిచ్చులా ఉందని కూడా అంటారు. 2020లో సెతోఉచి నగరపాలక సంస్థ ప్రజల నుంచి విరాళాలు పోగుచేసి 50 కోట్ల యెన్‌లకు ఈ కత్తిని కొని, అది పుట్టిన సీమకే తిరిగి తెచ్చుకుంది. ఒక చిన్న ఊరు తన పూర్వీకుల పని కోసం అంత పూనుకోవడం నాకు ఎంతో గౌరవం కలిగించే విషయం.

ఈ లవంగాల మధ్య నుంచి అంచు వైపు సన్నటి పోగులు దిగుతాయి. వాటిని అషి, అంటే కాళ్లు అంటారు. మట్టి పూసేటప్పుడు అంచుకు అడ్డంగా గరిటె అంచుతో సన్నటి మట్టి గీతలు పెడతారు. ఆ గీతల కింద ఉక్కు కాస్త నిదానంగా చల్లారి మెత్తగా ఉండిపోతుంది. దెబ్బకు అంచు పెచ్చు లేచినా, ఆ పెచ్చు పక్కనున్న కాలి దగ్గర ఆగిపోతుంది, అంచంతా ఊడిరాదు. అందం కోసమే అనిపించే పోగు కత్తి ప్రాణాన్ని కాపాడే కట్ట. అందాన్నీ అవసరాన్నీ విడదీయలేని ఇలాంటి చోటు చేతిపనుల్లో చాలా అరుదు.

నమూనా మీద పట్టు దొరికేకొద్దీ కమ్మరులకు ఒక ఆశ పుట్టింది. మట్టితో బొమ్మే వేయవచ్చు కదా అని. 16వ శతాబ్దంలో మినో ప్రాంతపు మగొరొకు కనెమొతొ మూడు దేవదారు చెట్లు పక్కపక్కన నిలబడినట్టుండే నమూనాకు పేరు పొందాడు. అతని కత్తుల్లో ఆ మూడు చెట్లు ఎక్కడా ఒకేలా ఉండవు. ఒకచోట నడిమి చెట్టు పైకి లేస్తుంది, ఇంకోచోట మూడూ మంచులో కలిసిపోతాయి. అతని పేరు పెట్టుకున్న తరువాతి తరాలవాళ్లు అదే నమూనాను రంపపు పళ్లలా వరసగా దించేశారు. నేర్పు ఉంది, ఊపిరి లేదు. 17వ శతాబ్దపు ఒసాకాలో సుకెహిరొ (1637–1682) ఒడ్డుకు విరుచుకుపడే కెరటాలను అంచు మీదికి తెచ్చాడు. ఇది మాత్రం గొప్ప పని. పెద్ద అల తర్వాత విశ్రాంతి, మళ్లీ ఇంకో అల. కెరటం లోపల నియె నలుసులు నురగలా మెరుస్తాయి. తంబ యొషిమిచి పేరు మోసిన వంశం వాళ్లు నీళ్ల మీద తేలే చామంతి పూలను కూడా అంచు మీద చూపించారు. ఎలా చేశారా అని ఆశ్చర్యపోతాం, కానీ ఒకసారి చూశాక మళ్లీ చూడాలనిపించదు. మట్టి పూయడం వరకే మనిషి పని, మిగతాది నిప్పూ నీళ్లూ ముగించాలి. వాటికి చోటు వదలని గీత బొమ్మగానే మిగులుతుంది.

అందుకే నా దృష్టిలో అన్నిటికన్నా కష్టమైన నమూనా సుగుహ, అంటే తిన్నటి గీత. క్యోతో అవతగుచి కమ్మరి యొషిమిత్సు చిన్న కత్తుల మీద ఉండేది ఎక్కువగా ఇదే. తప్పు దాచుకోవడానికి అందులో ఒక్క మలుపూ ఉండదు. మొదట ఏమీ లేదనిపిస్తుంది. తదేకంగా చూస్తే తిన్నటి గీతలో సన్నటి వణుకు, చిన్న చిన్న కాళ్లు, మొన దగ్గర గుండ్రంగా వెనక్కి తిరిగే వంపు కనిపిస్తాయి.

ఇవి కనిపించాలంటే ఒక సంగతి తెలియాలి. నేను మొదట చెప్పిన తెల్లటి పట్టీ హామొన్ కాదు. అది నూరేవాడి చేతి పని. మెయిజి చక్రవర్తి కాలంలో హొనామి వంశపు నిపుణులు ఒక పద్ధతి తెచ్చారు. గోరంత పల్చటి సానరాతి ముక్కను బొటనవేలి కింద పెట్టి, అసలు గీత వెంట అంచును తెల్లగా తోముతారు. దూరం నుంచి చూసేవాళ్లకు నమూనా తెలియాలని చేసే సాయం అది. గొప్ప పనివాడు అసలు గీతను గౌరవించి తెల్లదనం తెస్తాడు. అయినా అది అర్థతాత్పర్యం లాంటిదే, మూలపద్యం కాదు. మూలం చూడాలంటే దీపం వెలుగు కత్తి మీద పడి కంటికి తిరిగొచ్చే కోణం వెతకాలి. ఆ ఒక్క కోణంలో తెల్లదనం మాయమై, దాని కింద నలుసుల గీత వెలుగుతుంది.

ఉక్కు మీద నీటి అలల్లాంటి చారలంటే మనకు నిజామాబాద్ జిల్లా కోనసముద్రం గుర్తుకు రావాలి. పారశీక వర్తకులు వెతుక్కుంటూ వచ్చి అక్కడి ఉక్కు దిమ్మలు కొనుక్కుపోయేవారు. కానీ ఆ చారలు పుట్టేది మూసలో ఉక్కు మెల్లగా చల్లారి, ఆపైన సమ్మెట కింద సాగేటప్పుడు. అవి కత్తి ఒంటి నిండా ఉంటాయి. హామొన్ పుట్టేది తొందరలో, అంచు దగ్గర మాత్రమే. రెండూ ఉక్కు లోపలి నుంచి వచ్చినవే, రెండు వేరు దారుల్లో.

తొందరలో పుట్టిన ఆ గీతను నిప్పు మళ్లీ చెరిపేయగలదు. 1615లో ఒసాకా కోట కూలి తగలబడినప్పుడు అందులోని పేరున్న కత్తులెన్నో కాలిపోయాయి. ఉక్కు మిగిలింది, గీతలు పోయాయి. ఆ కోటను గెలిచిన తొకుగవ ఇఎయసు ఆజ్ఞ మీద ఎచిజెన్ యసుత్సుగు అనే కమ్మరి వాటిలో కొన్నిటికి మళ్లీ మట్టి పూసి, కాచి, నీళ్లలో ముంచాడు. యొషిమిత్సు చేసిన నమజుఒ తొషిరొ అనే చిన్న కత్తి అలా బతికి బయటపడి ఇప్పుడు నగొయాలో తొకుగవ ఆర్ట్ మ్యూజియంలో ఉంది. దాని ఉక్కు యొషిమిత్సుది. మీద కనిపించే గీత యసుత్సుగుది.

చదువుకో ఉద్యోగానికో జపాన్ వెళ్లిన మనవాళ్లకు ఒక మాట. టోక్యోలో ఉఎనో పార్కులోని జాతీయ మ్యూజియం వారి దగ్గర మికజుకి మునెచిక అనే కత్తి ఉంది. వెయ్యేళ్ల నాటి పని. ఎప్పుడూ ప్రదర్శనలో ఉండదు, కాబట్టి ముందుగా కనుక్కుని వెళ్లండి. మికజుకి అంటే నెలవంక. కత్తి ముందు కాస్త మోకాళ్లు వంచి, దీపం వెలుగు అంచు మీద జారేదాకా తలను మెల్లగా పక్కకు జరపండి. గీతకు పైన చిన్న చిన్న నెలవంకలు ఒకటొకటిగా కనబడతాయి.