తామ్రలిప్త ప్రభుత్వము - నవలకు మిగిలిన వస్తువు

ఖరగ్‌పూరు న్యూ సెటిల్‌మెంటులోని తెలుగువారికి తమ్లూక్ దూరదేశమేమీ కాదు. 2002 వరకు రెండూ ఒకే మేదినీపూర్ జిల్లాలోనివి. అయినను ఆ పేరు వినగానే మనకు స్ఫురించునది 1942 సెప్టెంబరు 29న జెండా చేతబట్టి తుపాకిగుండ్లకు నేలకొరిగిన వృద్ధనారి మాతంగినీ హజ్రా మూర్తి ఒక్కటే. ఆ వీరమరణము కవికి చాలును, నవలాకారునికి చాలదు. అతనికి కావలసిన ఘర్షణ తరువాతి కథలో నున్నది.

అక్టోబరు 16 నాటి తుపాను తీరమును ముంచెత్తిన పిమ్మట, డిసెంబరు 17న సతీశ్‌చంద్ర సామంత సర్వాధినాయకుడుగా తామ్రలిప్త జాతీయ సర్కారు వెలసినది. న్యాయస్థానములు నడిపినది, తుపాను బాధితుల నాదుకొన్నది, 'విప్లవి' పత్రికను రహస్యముగా వెలువరించినది. దాని విద్యుద్వాహిని మాత్రము అహింసావ్రతమునకు కట్టుబడలేదు. గాంధీజీ పిలుపుతో లేచిన ఉద్యమమున పుట్టిన ఆ ప్రభుత్వము, 1944లో ఆయన మాటమీదనే రద్దయినది! ఈ వైరుధ్యమును దాచిపెట్టిన రచన స్తోత్రపాఠముగా మిగులును.

సతీనాథ్ భాదురీ తన వంగ నవల 'జాగరి' (1945)లో బీహారు ఉద్యమమును, ఉరిశిక్షకు ముందటి ఒక్క రాత్రిలో, ఒకే కుటుంబములోని నలుగురి మనస్సుల ద్వారా చూపెను. అన్నకు ప్రతికూలముగా సాక్ష్యమిచ్చిన తమ్మునికి సైతము అందు తన మాట తాను చెప్పుకొనుటకు చోటున్నది. తమ్లూక్ కథలో అట్టి చోటు ఎవరి కీయవలెను? ఆ సర్కారు న్యాయస్థానమున శిక్షపడిన గ్రామస్థునికని నా అభిప్రాయము.