జలాన్ అంపాస్ తీర్చిదిద్దిన పి. రామ్లీ

సింగపూరులో బలెస్టియర్ రోడ్డును ఆనుకొని ఉన్న చిన్న వీధి జలాన్ అంపాస్. షా సోదరుల ‘మలయ్ ఫిల్మ్ ప్రొడక్షన్స్’ స్టూడియో 1947 నుండి 1967 వరకు ఇక్కడే నడిచింది. 1948లో పినాంగ్ నుండి పందొమ్మిదేళ్ళ గాయకుడొకడు ఇందులో అడుగుపెట్టాడు. క్రమంగా నటుడు, స్వరకర్త, రచయిత, దర్శకుడు అయిన ఆ పి. రామ్లీ (1929–1973) గురించి రాసేవారు ‘బహుముఖ ప్రజ్ఞాశాలి’ అన్న మాటతో సరిపెట్టుకోవడం పరిపాటి. ఆ మాట అబద్ధం కాదు. కాని అది ప్రజ్ఞను ఒక వ్యక్తి జాతకఫలంగా చూపి, దానికి నీరుపోసిన నేలను మరుగుపరుస్తుంది.

ఆ నేలలో పెట్టుబడి చైనీయులది, భాషా నటులూ మలయ్, దర్శకులు చాలావరకు భారతీయులు. ‘చింతా’ (1948)లో రామ్లీ చేత నేపథ్యగానం చేయించినది బి.ఎస్. రాజ్‌హన్స్. ‘బక్తి’ (1950)లో ఆయనను నాయకుణ్ణి చేసి, పాటలు సొంత గొంతుతోనే పాడించినది ఎల్. కృష్ణన్. కలకత్తా, బొంబాయి స్టూడియోలలో ఆరితేరిన ఫణి మజుందార్ ‘హాంగ్ తువా’ (1956), ‘అనక్కు సజాలీ’ (1956) తీశారు. తండ్రీకొడుకులుగా ద్విపాత్రాభినయం చేసిన రెండవ చిత్రం రామ్లీకి ఆసియా చలనచిత్రోత్సవంలో ఉత్తమ నటుడి పురస్కారం తెచ్చింది. ఆయన సినిమా నేర్చుకున్నది వీరి పక్కన నిలబడే. కళాకారులు నెలజీతానికి పనిచేసే ఆ పద్ధతి మన మద్రాసు స్టూడియోలు ఎరిగినదే. ఆ చిత్రాల కన్నీరూ హాస్యమూ పాటా మనకు పరాయిగా తోచకపోవడంలో ఆశ్చర్యం లేదు.

1955లో ‘పెనారెక్ బెచా’తో దర్శకుడైన రామ్లీ, తన పనినే కథావస్తువుగా చేసుకున్నప్పుడు అత్యున్నతంగా కనిపిస్తారు. ‘సెనిమాన్ బుజాంగ్ లపోక్’ (1961)లో ముగ్గురు నిరుద్యోగులు నటులమవుదామని వచ్చేది జలాన్ అంపాస్ స్టూడియోకే. ఇరుకు అద్దెకొంపలో ఇరుగుపొరుగుల గోల నడుమ వారు సంభాషణలు వల్లెవేయడానికి పడే పాట్లు నవ్విస్తాయి. ఆ నవ్వు కింద సింగపూరు పేదల గృహచరిత్ర ఉంది. మరుసటి ఏటి ‘ఇబు మెర్తువాకు’లో నాయకుడు శాక్సొఫోన్ వాద్యకారుడు. సంగీతంతో పొట్టపోసుకునేవాడు అల్లుడు కావడం ధనవంతురాలైన అత్తకు అవమానం. జనం పాటను ప్రేమిస్తారు, పాటగాణ్ణి ఇంటిలోకి రానివ్వరు. చివర నాయకుడు తన కళ్ళు తానే పొడుచుకోవడం అతినాటకీయమే, ఒప్పుకోవలసిందే. అయినా అత్త పాత్రలోని వర్గాహంకారం ఏమాత్రం అతిశయోక్తి కాదు.

1964లో ఆయన కౌలాలంపూరులోని మెర్దేకా స్టూడియోకు మారారు. అక్కడా తానే రాశారు, తీశారు, నటించారు, పాడారు. అయితే జలాన్ అంపాస్‌లో ఆయన చుట్టూ ఆరితేరిన సిబ్బంది ఉండేది. ఇక్కడ అన్నీ తానే కావడం వరం కాక భారమైంది. మెర్దేకా చిత్రాలలో కథ పలచబడడానికి వయసు కంటే ఇదే ముఖ్యకారణమని నా అభిప్రాయం. ఆ ఏళ్ళలోనే ఎలక్ట్రిక్ గిటార్ల ‘పాప్ యే యే’ యువతను లాక్కుపోయింది. జోగెత్‌నూ చాచానూ ఒకే వరుసలో ఒదిగించిన స్వరకర్త పాతబడినవాడిగా లెక్కకొచ్చారు.

మనకు చిత్తూరు నాగయ్య గుర్తుకు రాక మానరు. ‘త్యాగయ్య’ (1946)కు దర్శకత్వం, సంగీతం, నటన, గానం అన్నీ తానే వహించిన ఆయన, చివరి దశలో చిన్న వేషాలతో నెట్టుకొచ్చారు. రామ్లీ 1973 మే 29న, నలభై నాలుగేళ్ళకే, గుండెపోటుతో మరణించారు. నాగయ్య అదే సంవత్సరం డిసెంబరు 30న. రామ్లీ పాతచిత్రాలను తర్వాతి తరాల ఇళ్ళకు చేర్చింది మాత్రం టెలివిజనే.