గిర్మిట్ సాహిత్యములో ద్వీపవాసి

పసిఫిక్ మహాసముద్రములోని ఫిజీ దీవులలో భారతీయ సంతతివారు వ్రాసిన కథలను, నవలలను, ఆత్మకథలను మన విమర్శకులు సాధారణముగా ఒకే దృష్టితో చదువుతూ వచ్చినారు. అది ప్రవాస దుఃఖ సాహిత్యమనీ, రామాయణములోని వనవాసమునకు ఆధునిక రూపమనీ వారి భావము. ఇందులో సత్యము లేకపోలేదు. కాని ఆ వనము నిర్జనమైనది కాదు. మన కూలీలు అడుగు పెట్టుటకు ముందే అక్కడ ఒక జాతి ఉన్నది; వారికి భూమి ఉన్నది, నాయకులున్నారు, భాష ఉన్నది, దేవతలున్నారు. ఆ జనులకు ఈ రచనలలో ఎట్టి స్థానము లభించినదన్నది ఇక్కడి ప్రశ్న. దీనిని దాటవేసి ఈ సాహిత్యపు గుణదోషములను నిర్ణయింపజాలము.

చరిత్రను కొంత చెప్పుకొనక తప్పదు. 1874 అక్టోబరు 10న థాకొంబావు మొదలైన నాయకులు ఫిజీని బ్రిటిషు రాణికి అప్పగించినారు. మరుసటి ఏటనే తట్టువ్యాధి సోకి దేశీయులు వేలకొలదిగా మరణించినారు. గవర్నరు ఆర్థర్ గోర్డన్ మిగిలినవారిని వారి పల్లెలలోనే ఉండనిచ్చి, చెరకు తోటల పనికి భారతదేశము నుండి కూలీలను తెప్పించుటకు నిశ్చయించినాడు. ఒక జాతిని కాపాడుటకై మరియొక జాతిని గానుగలో పెట్టిన ఈ ఏర్పాటే తరువాతి రాజకీయములకు బీజము. 1879 మే 14న 'లియోనిడాస్' అను ఓడ వచ్చినది. 1916 వరకు 60,000 మందికి పైగా అట్లు తరలిపోయినారు. అయిదేండ్ల ఒప్పందము, మరి అయిదేండ్లు అక్కడనే ఉన్నగాని తిరుగు ప్రయాణపు ఖర్చు దొరకదు. 'అగ్రిమెంటు' అన్న మాట కూలీల నోట 'గిర్మిట్' అయినది. వారు నివసించిన ఇరుకు కొట్టముల వరుసలు 'లైన్లు'. ఆ బ్రతుకునకు వారు పెట్టిన పేరు 'నరకము'. మిగిలిన ఒప్పందములన్నియు 1920 జనవరి 1న రద్దయినవి.

ఈ కథలో మనవారి భాగము 1903లో మొదలగుచున్నది. ఆ ఏటి నుండి మదరాసు రేవులో కూడ కూలీలను ఎక్కించినారు. సుమారు 15,000 మంది దక్షిణాది వారు వెళ్ళినారని లెక్క. ఉత్తర ఆర్కాటు, తంజావూరు, మలబారులతో పాటు విశాఖపట్టణము, గోదావరి, కృష్ణా జిల్లాల పేర్లు ఆ పట్టికలలో కనబడుతవి. వీరందరిని ముందుగా వచ్చిన ఉత్తరాదివారు 'మదరాసీలు' అన్నారు. లైన్లలో వ్యవహారభాష హిందుస్తానీ. అది నేర్చుకొననివానికి తోటి కూలీతో మాటయే లేదు. 1926లో నంది పట్టణమున సాధు కుప్పుస్వామి స్థాపించిన తెన్నిందియ సన్మార్గ ఐక్య సంగము దక్షిణాదివారికి బడులను, గుడులను సమకూర్చినది. అందులో తమిళమునకే ప్రాధాన్యము కలిగినదని తోచి తెలుగువారు 1941లో వేరుగా ఆంధ్ర సంగమును ఏర్పరచుకొన్నారు. చెరకు గడల నడుమ, మాతృదేశమునకు వేలమైళ్ళ దూరమున, ఓనమాల కొరకు ఇట్టి వివాదము జరిగినదనగా నవ్వు రావచ్చును. నాకు రాలేదు. దొర తోటలో అంకెగా మారిన మనుష్యునికి అక్షరముపై హక్కు చిన్న విషయము కాదు.

అయినను ఫిజీ రచనలలో పేరు పొందినవి హిందీలోను, ఇంగ్లీషులోను వ్రాయబడినవే. గ్రంథము లేనంత మాత్రమున భాష లేదని తలపరాదు. బస్తరు దక్షిణపు కొసన, నేటి సుక్మా జిల్లాలో, కిష్టారము వంటి ఊళ్ళున్న సీమలో దోర్లవారి పలుకులో తెలుగు కలిసి ఉన్నది. బడిలో హిందీ, ఇంటిలో మరియొకటి. అచ్చులో దానికై వెదకువారు ఏమియు లేదనుకొని తిరిగి వచ్చెదరు. ఫిజీ తెలుగు కూడ పూజలోను, పాటలోను, వంటింటిలోను నిలిచిన భాష. దీని ఫలితము సాహిత్యముపై పడినది. గిర్మిట్ అనుభవమునకు చట్టముగా తులసీదాసు రామాయణము కుదిరినది. మారియమ్మ కొలుపులు, నిప్పుల గుండములు అంచునకు పోయినవి. విచిత్రమేమనగా ఫిజీలో బెంగ అను దీవివారు కూడ కాల్చిన రాళ్ళపై నడుచు ఆచారము కలవారు. ఒకే దేశమున రెండు జాతులు, రెండు నిప్పుల నడకలు! కథకునికి ఇంతకన్న మంచి ముడిసరకు ఏమి కావలె?

ఈ సాహిత్యమునకు మూలగ్రంథమని చెప్పదగినది తోతారాం సనాఢ్యుని పేర 1914లో వెలువడిన హిందీ పుస్తకము. ఆయన 1893లో ఫిజీకి వెళ్ళి ఇరువది యొక్క సంవత్సరములు అక్కడ గడిపినాడు. అనుభవము ఆయనది, లేఖిని బనారసీదాస్ చతుర్వేదిది. కూలీల వలసను ఆపించుటకు జరిగిన ఆందోళనలో అది పదునైన ఆయుధముగా పనిచేసినది. ఆయుధము కనుకనే అందులో మనుష్యులు ఇద్దరే: పీడించువాడు, పీడితుడు. మూడవవాడు ఉన్నాడని తెలుసుకొనుటకు మనము 1994 వరకు ఆగవలసి వచ్చినది. ఆ ఏట బ్రిజ్ లాల్, యోగేంద్ర యాదవ్ సనాఢ్యుని మరియొక రచనను వెలికి తెచ్చినారు. దయ్యములున్నవని పేరుపడిన లైనులో ఆకలితో, ఒంటరితనముతో అలసి ఆయన ఉరివేసుకొన సిద్ధపడిన వేళ తలుపు తట్టినవారు ఫిజీ దేశీయులు. ఆ రాకతో ప్రయత్నము ఆగినది. పిదప స్నేహము కుదిరినది. ప్రచారగ్రంథమున ఇమడని ఈ కొద్ది పుటలే నా దృష్టిలో గిర్మిట్ సాహిత్యమున అత్యుత్తమమైనవి. ఇక్కడ ద్వీపవాసి వనములోని రాక్షసుడు కాడు, బోయ గుహుడు కూడ కాడు. ఆకలిగొన్న ఇంటికి వచ్చిన అతిథి.

ఇట్టి ద్వారము తరువాతివారి రచనలలో మూసుకొనిపోవుటకు కారణము కొంత రాజకీయము. 1970 అక్టోబరు 10న ఫిజీ స్వతంత్రమైనది. భూమిలో అయిదింట నాలుగు పాళ్ళకు పైగా దేశీయుల వంశములదే. చెరకు పండించు భారతీయుడు కౌలుదారు. 1987లో తిమొచి బవంద్ర నాయకత్వమున భారతీయుల మద్దతు గల ప్రభుత్వమేర్పడగా, మే 14న, లియోనిడాస్ వచ్చి సరిగా 108 ఏండ్లు నిండిన దినమున, సైన్యాధికారి రంబుక దానిని కూలద్రోసినాడు. 2000లో మహేంద్ర చౌధురి ప్రభుత్వమునకు అదే గతి పట్టినది. 2006లో సైన్యము మరల అధికారమును చేజిక్కించుకొన్నది. వేలకొలది భారతీయులు ఆస్ట్రేలియాకు, న్యూజీలాండుకు, కెనడాకు తరలిపోయినారు. సతేంద్ర నందన్ బవంద్ర మంత్రివర్గములోనివాడు, 1987లో బందీ అయినవాడు. ఆయన 'ది ఊండెడ్ సీ' (1991) చదివినపుడు ఆ గాయము నిజమైనదని ఎవరైనను ఒప్పుకొందురు. అయితే గాయపడినవాని చూపు గాయమును దాటుట కష్టము. ఆయన వాక్యములు సుందరములు. వానిలో దేశీయుడు పలుచోట్ల విధివలె వచ్చిపోవును, మనుష్యునివలె కూర్చుండడు.

సుబ్రమణి మార్గము వేరు. ఇంగ్లీషు కథకుడుగా, విమర్శకుడుగా పేరుపడిన ఈయన 2001లో 'డవుకా పురాణ్' అను పెద్ద నవలను ఫిజీ హిందీలో వ్రాసినాడు. బడిలో నేర్పు శుద్ధ హిందీ కాదు. లైన్లలో పుట్టినది, ఫిజీ మాటలు, ఇంగ్లీషు మాటలు, దక్షిణాది ఉచ్చారణ కలగలిసినది. 2018లో వేయి పుటలు దాటిన 'ఫిజీ మా' అదే భాషలో వెలువడినది. మొరటు భాషకు గ్రంథగౌరవమేమని వ్యాకరణ పక్షపాతులు అడుగవచ్చును. గిడుగువారి కాలమున మనలోను కొందరు అడిగినారు. ఈ భాషలో నవ్వు ఉన్నది, తిట్టు ఉన్నది, తనను తాను వేళాకోళము చేసికొను శక్తి ఉన్నది. శోకగద్గదమైన ఇంగ్లీషు కంఠమునకు లేని స్వేచ్ఛ దీనికి కలదు. భాషలోనే దేశీయుని మాట చేరి ఉన్నందున ఆ మనుష్యుని పూర్తిగా వెలివేయుట ఇక్కడ సాధ్యము కాలేదు.

ఆవలి గట్టు నుండి కూడ చూడవలె. టోంగా తల్లిదండ్రులకు పాపువాలో పుట్టి, సువా విశ్వవిద్యాలయమున బోధించిన ఎపెలి హౌఓఫా 1993లో ఒక వ్యాసమున, తమవి దూరసముద్రమున చెదరిన చిన్న దీవులు కావనీ, సముద్రమే తమ దేశమనీ వాదించినాడు. పసిఫిక్ జాతులకు అది ఆత్మగౌరవ ప్రకటన. అందులో చెరకు కూలీకి చోటెక్కడ అని భారతీయ పాఠకుడు సందేహించుట న్యాయమే. 1998 నాటి మరియొక వ్యాసములో హౌఓఫా, ఆ ప్రాంతమున జీవించి దానికి నిబద్ధులైన వారెవరైనను సముద్రజనులే యని పరిధిని విస్తరించినాడు. అంత విశాలమైన ఆహ్వానమునకు గిర్మిట్ రచయితల వైపు నుండి సమానమైన జవాబు ఇంకను రావలసియున్నది.

2022 చివర రంబుకయే ఎన్నికల ద్వారా మరల ప్రధాని అయినాడు. 2023 మే 14న, మొదటిసారి సెలవుదినముగా గిర్మిట్ దినమును జరిపిన సందర్భమున, 1987 నాటి తన చర్యకు గిర్మిట్ సంతతివారిని క్షమాపణ కోరినాడు. అదే ఏటి ఫిబ్రవరిలో నందిలో ప్రపంచ హిందీ సమ్మేళనము జరిగినది.