ఎడ్వర్డు మర్రో – పాత్రికేయ ధర్మము

యుద్ధకాలమున శత్రువు దోషములను చాటుటకు ధైర్యము కావలెను. యుద్ధానంతరమున స్వజనుల దోషములను చాటుటకు అంతకంటె నెక్కువ ధైర్యము కావలెను. అమెరికా పాత్రికేయుడైన ఎడ్వర్డు మర్రో (1908–1965) జీవితమున నీ రెండును కానవచ్చును. ఆయనను ఋషితుల్యునిగా కొనియాడువారును, పక్షపాతి యని నిందించువారును కలరు. స్తుతినిందలను ప్రక్కకు పెట్టి, ఆయన చేసిన పనిని పరిశీలింతము.

1940లో లండను నగరముపై జర్మను విమానములు బాంబులు కురియుచుండగా, మర్రో రేడియో మూలమున ఆ వృత్తాంతమును స్వదేశీయుల కెరిగించెను. 1945 ఏప్రిలులో బూకెన్‌వాల్డు నిర్బంధశిబిరమును చూచి వచ్చి, తాను చెప్పినది కొంత మాత్రమే యనియు, తక్కినదానికి మాటలు లేవనియు పలికెను. కంటితో చూచినదానిని మాట మించకుండుట ఆయన శైలికి ప్రాణము.

యుద్ధము ముగిసిన పిదప అమెరికాను కమ్యూనిస్టు భీతి యావేశించెను. సెనేటరు జోసెఫు మెకార్తీ 1950 మొదలు నిరాధారములైన యారోపణములతో ఎందరినో భయపెట్టెను. మర్రో, ఫ్రెడ్ ఫ్రెండ్లీతో కూడి 1951లో 'సీ ఇట్ నౌ' అను టెలివిజను కార్యక్రమమును ప్రారంభించెను. 1953 అక్టోబరులో వీరు మైలో రాడులోవిచ్ అను వైమానికదళపు లెఫ్టినెంటు కథను చూపిరి. అతని దేశభక్తిని ఎవరును శంకింపలేదు. తండ్రియు సోదరియు అనుమానితు లన్న కారణమున అతనిని తొలగింప నెంచిరి. ఆరోపణములు ముద్రవేసిన కవరులోనే యుండెను; విచారణయందు దానిని విప్పినవారు లేరు. ప్రసారమైన మరుమాసముననే అతని యుద్యోగము నిలిచెను.

1954 మార్చి 9వ తేదీ కార్యక్రమము మెకార్తీని గూర్చినది. దానిని ప్రకటించుటకు సంస్థ సొమ్మియ్యకపోగా, మర్రో ఫ్రెండ్లీలు స్వంత ధనము 1500 డాలర్లు వెచ్చించిరి. ఇందు మెకార్తీ మాటలే, మెకార్తీ ముఖమే ప్రధాన సాక్ష్యములు. అయినను ఒక యాక్షేపణ కలదు. తమకు కావలసిన చిత్రములనే యేరి కూర్చుట న్యాయమా యని, మెకార్తీని మెచ్చని గిల్బర్టు సెల్డెసు వంటి విమర్శకుడే యడిగెను. ఈ ప్రశ్న త్రోసివేయదగినది కాదు. అదే యాయుధము రేపు దుష్టుని చేతికి రావచ్చును. కాని మర్రో ప్రత్యర్థికి సమాధాన మిచ్చుకొను నవకాశ మిచ్చెను. ఏప్రిలు 6న మెకార్తీ దానిని వినియోగించుకొనెను. ఆరోపింపబడినవారికి మెకార్తీ అట్టి యవకాశము నిచ్చి యుండలేదు. వీరిద్దరి భేదము మాకిచ్చటనే కనబడుచున్నది.

అయితే మర్రో యొక్కడే మెకార్తీని పడగొట్టె ననుట యతిశయోక్తి. పత్రికలలో పలువు రంతకు ముందే యెదిరించిరి. సైన్యముతో వివాదమును గూర్చిన విచారణలు ఆ వేసవిలో అతని ప్రతిష్ఠను చెరచెను. డిసెంబరు 2న సెనేటు 67–22 ఓట్లతో అతనిని అభిశంసించెను. మర్రో నాలుగేండ్లు ఆలస్యముగా వచ్చెను. వచ్చినపుడు మాత్రము జంకలేదు.

1960 నవంబరులో, అమెరికనులు కృతజ్ఞతాదిన విందు కుడిచిన మరునాడు, 'హార్వెస్ట్ ఆఫ్ షేమ్' ప్రసారమయ్యెను. ఆ విందుకు పంటలు కోసిన వలసకూలీల దారిద్ర్యము ఇందలి విషయము. ఆయన కృతులలో మేము దీనినే యుత్తమ మందుము. ఇచ్చట దోషి యొక వ్యక్తి కాడు. భోజనము చేసిన ప్రతివాడును బాధ్యుడే.

ఆ కృతి విషయముననే మర్రో తప్పిపోయెను. 1961లో ఆయన అమెరికా ప్రభుత్వ సమాచారశాఖ కధిపతియై, దానిని ప్రసారము చేయవలదని బ్రిటిషు బి.బి.సి.ని కోరెను. బి.బి.సి. వినలేదు, చిత్రము ప్రసారమయ్యెను. స్వదేశమున సత్యమైనది సముద్రము దాటిన మాత్రమున దాచదగిన దగునా? దేశగౌరవ మను నెపముతో సత్యమును కప్పువారినే కదా ఆయన జీవితమంతయు ఎదిరించినది!

ఈ మచ్చవలన ఆయన పూర్వకృషి వ్యర్థమైన దనము. పరిశోధకుడు పాలకుని కొలువులో చేరినచో ఎంతటివానికిని నాలుక తడబడు నని మాత్రము నేర్చుకొందము. పాత్రికేయుని మెచ్చుకొను పాఠకు లాయన పదవిలో చేసిన పనినిగూడ అదే త్రాసులో తూచవలెను.