గోడలు చెప్పిన కథ

చలనచిత్రము చూచి యింటికి వచ్చినవారు నటుల ముఖములను తలతురు, కథను చెప్పుకొందురు. ఆ ముఖముల వెనుకనున్న గోడను తలచువారు అరుదు. ఆ గోడ కట్టించి, దానికి మరకలు పెట్టించి, మూల నొక పాత పెట్టె నుంచినవారి పేరు తెరపై క్షణకాలము నిలిచి మాయమగును. జపానులో అట్టి పని చేయుచున్న కేయికో మిత్సుమత్సు అను నామె కృషి యిచట పరిశీలింపదగినది.

దర్శకుడు హిరోకజు కొరేయెడా తీసిన గృహకథలలో పెక్కింటికి ఈమె కళాదర్శకురాలు. 2013లో వచ్చిన 'లైక్ ఫాదర్, లైక్ సన్' చిత్రమున, ఆసుపత్రిలో తారుమారైన బిడ్డలను ఆరేండ్లు పెంచిన రెండు కుటుంబములు కలవు. ఒకరిది ఎత్తయిన మేడలోని నివాసము. శుభ్రము, విశాలము, హోటలు గదివలె నిశ్శబ్దము. రెండవవారిది విద్యుత్సామగ్రి యమ్ము చిన్న దుకాణముతో కూడిన యిరుకిల్లు. ధనము ఏ యింట నున్నదో, బిడ్డతో నాడుకొను తీరిక ఏ తండ్రికి కలదో సంభాషణకు ముందే మనకు బోధపడును.

2018లో కాన్ ఉత్సవమున పామ్ డోర్ బహుమానము పొందిన 'షాప్‌లిఫ్టర్స్' ఈ నేర్పునకు పరాకాష్ఠ. టోక్యోలో ఎత్తయిన కట్టడముల నడుమ నణగియున్న యొక పాత యింట రక్తసంబంధము లేనివారు కుటుంబముగా బ్రదుకుచుందురు. బాలుడు పరుపులు దాచు గూటిలో నిద్రించును. బాణసంచా వేడుక రాత్రి అందరును వసారాలో కూడి మీదికి చూతురు. చప్పుడే గాని వెలుగు కానరాదు. నగరము తన సంతోషమున వారికెంత పంచెనో ఆ వసారాయే చెప్పుచున్నది.

ఇచట నొక యాక్షేపము కలదు. పేదయింటి చిందరవందర తెరపై కన్నుల కింపుగా నుండినచో, చూచువాడు జాలిని వినోదముగా ననుభవించి లేచిపోవును గదా! ఇది తేలికగా త్రోసివేయదగిన మాట కాదు. పెక్కు చిత్రములలో బీదరికము పైపూత రంగు మాత్రమే. కాని మిత్సుమత్సు తీర్చిన యింట ప్రతి వస్తువునకును దానిని వాడు చేయి యొకటి కలదు. ఎవరిది ఏ మూలయో మన మెరుగుదుము. కడపట కుటుంబము చెదరిన పిమ్మట నొక యువతి వచ్చి తలుపు తీయును, లోపల శూన్యము. ఇంతవరకు చిందరవందర యనుకొన్నది సంసారమని యప్పుడు తోచును. జాలితో తృప్తిపడిన ప్రేక్షకుని ఆ శూన్యము నిలదీయును.

ఏ వస్తువు ఎచట నుండవలెనో, ఎవరి చేతికి అందవలెనో ఇల్లు నడుపువారికి నిత్యము తెలిసిన విద్య. దానిని చిన్నపని యని త్రోసివేయు సమాజము, అదియే తెరపై కళగా నిలిచినపుడును కర్తను గుర్తింపదు. కావున చదువరులారా, చిత్రము చూచునపుడు గోడలను గూడ చదువుడు; కట్టినవారి పేరు వచ్చువరకు ఆసనము విడువకుడు.