వేడుక దాకా వెళ్లిన కెమెరా

మతాల మధ్య సంభాషణ అనగానే వేదిక, మైకు, శాలువాలు గుర్తొస్తాయి. జేవియర్ బోవా తీసిన ఫ్రెంచ్ సినిమా ‘ఆఫ్ గాడ్స్ అండ్ మెన్’ (2010)లో అవేవీ లేవు. అల్జీరియాలోని టిబిరిన్ మఠంలో క్రైస్తవ సన్యాసి లూక్ ముస్లిం పల్లెవాళ్లకి వైద్యం చేస్తాడు. మఠం పెద్ద క్రిస్టియన్ డి షెర్జే ఖురాన్ చదువుతాడు. సంభాషణంటే అదే. అంతర్యుద్ధం ముదిరినా వాళ్లు కదలరు. 1996లో నిజంగానే ఏడుగురు సన్యాసులు అపహరణకు గురయ్యారు. ప్రాణాలతో తిరిగి రాలేదు.

వెళ్లాలా, ఉండాలా అన్న వాళ్ల మథనాన్ని సినిమా ఎంతో ఓపిగ్గా చూపిస్తుంది. కానీ ఆ యుద్ధంలో వేలమంది ముస్లింలూ చనిపోయారు. పల్లెవాళ్లకి తిరిగి వెళ్లడానికి ఇంకో దేశం లేదు. ఊరి వేడుకలోకి వెళ్లిన కెమెరా, ఊరి రాత్రుల్లోకి వెళ్లదు. ఇంత మంచి సినిమాలోనూ సంభాషణలో ఒకవైపు వాళ్లే ఎక్కువ మాట్లాడతారు.