బహువచనంలో బయటపడే లాటిన్

పోర్చుగీసు పాఠం చెప్పే పంతులు మొదట్లోనే గట్టిగా చెప్పే మాట ఒకటుంది: నామవాచకాన్ని ఒంటరిగా బట్టీ పట్టొద్దు, ముందున్న ఆర్టికల్‌తో కలిపి నేర్చుకోండి. పుస్తకం అంటే ‘లివ్రు’ కాదు, ‘ఉ లివ్రు’. ఇల్లు అంటే ‘కాజ’ కాదు, ‘అ కాజ’. ‘ఉ’ పుంలింగం, ‘అ’ స్త్రీలింగం. బహువచనంలో ‘ఉస్’, ‘అస్’. నామవాచకాల్లో నపుంసకలింగం లేదు. బల్లయినా, వానయినా, నొప్పయినా ఈ రెంటిలో ఏదో ఒక వైపు చేరాల్సిందే.

తెలుగువాళ్ళకు ఇది కొత్తగా ఉంటుంది. మన భాషలో లింగం క్రియలో తేలుతుంది: రాముడు వచ్చాడు, సీత వచ్చింది, బండి వచ్చింది. ‘మంచి అబ్బాయి’, ‘మంచి అమ్మాయి’ అన్నప్పుడు విశేషణం మారదు. పోర్చుగీసులో సరిగ్గా తలకిందులు. రాముడు వచ్చినా సీత వచ్చినా ‘వచ్చు’ క్రియకు ఒకటే రూపం. విశేషణం మాత్రం నామవాచకం ఎటు నడిస్తే అటు నడవాలి. అందమైన అబ్బాయి ‘మెనీను బొనీతు’, అందమైన అమ్మాయి ‘మెనీన బొనీత’. నామవాచకం లింగం తప్పితే దాని ముందున్న ఆర్టికల్, వెనకున్న విశేషణం కూడా తప్పుతాయి.

‘ఓ’ అక్షరంతో (మాట చివర ‘ఉ’ అని పలుకుతారు) ముగిసే మాటలు సాధారణంగా పుంలింగం, ‘అ’తో ముగిసేవి స్త్రీలింగం. అయితే తెగ అనే అర్థమున్న ‘త్రీబు’ ఓకారంతో ముగిసినా స్త్రీలింగమే. రోజుకు వాడే ‘దీయ’ అకారంతో ముగిసినా పుంలింగం. ఇవి తిక్క మినహాయింపులు కావు, లాటిన్ నుంచి వచ్చిన ఆస్తి. తెగకు లాటిన్‌లో ఉన్న పేరు స్త్రీలింగం. రోజుకు ఉన్న పేరు ఎక్కువగా పుంలింగంలోనే నడిచేది. ‘ప్రొబ్లేమ’, ‘సిస్తేమ’, ‘పొయేమ’ లాటిన్ గుండా వచ్చిన గ్రీకు నపుంసక పదాలు. లాటిన్ నపుంసకం పోర్చుగీసులో చాలావరకు పుంలింగంలో కలిసిపోవడంతో అవీ అటే చేరాయి.

మనుషుల విషయంలోనూ వ్యాకరణం దారి వ్యాకరణానిదే. బాధితుడు మగవాడైనా ‘అ వీతిమ’ అనాలి. మగపిల్లవాడైనా ‘అ క్రియాంస’ అనాలి. జిరాఫీ ఎప్పుడూ స్త్రీలింగమే. మగదని చెప్పాలంటే పక్కన ‘మాషు’ అనే మాట తగిలించాలి. కొన్నిచోట్ల ఆర్టికల్ మారితే అర్థమే మారుతుంది: ‘ఉ కపితాల్’ పెట్టుబడి, ‘అ కపితాల్’ రాజధాని. ‘ఉ గ్రామ’ బరువు కొలిచే గ్రాము, ‘అ గ్రామ’ పచ్చగడ్డి. బ్రెజిల్ దుకాణాల్లో గ్రాములను స్త్రీలింగంలో అడిగేవాళ్ళు చాలామంది, అది తప్పని దిద్దే పంతుళ్ళూ అంతేమంది.

అసలు రుచి బహువచనంలో ఉంది. అచ్చుతో ముగిసే మాటకు ‘స్’ చేరిస్తే సరిపోతుంది: లివ్రు, లివ్రుస్. ముక్కుతో పలికే ‘ఆఁవ్’తో ముగిసే మాటల దగ్గరే చిక్కు వస్తుంది. చెయ్యి ‘మాఁవ్’, రొట్టె ‘పాఁవ్’, సింహం ‘లియాఁవ్’. పావ్‌భాజీలో మనం తినే పావ్ ఈ రొట్టే. మూడూ ఒకేలా ముగుస్తాయి కానీ బహువచనాలు మూడు దారులు పడతాయి: ‘మాఁవ్‌స్’, ‘పాఁయ్‌స్’, ‘లియోఁయ్‌స్’.

కారణం చరిత్రలో ఉంది. పాత పోర్చుగీసులో రెండు అచ్చుల మధ్య పడ్డ నకారం పోతూ పోతూ ముందున్న అచ్చును ముక్కులోకి నెట్టింది. లాటిన్ ‘పానెస్’లో నకారం పోతే ‘పాఁయ్‌స్’, ‘లియోనెస్’లో పోతే ‘లియోఁయ్‌స్’ మిగిలాయి. ఏకవచనాలు కూడా ఒకప్పుడు వేరువేరుగానే ఉండేవి. మధ్యయుగం చివరికొచ్చేసరికి అవన్నీ ‘ఆఁవ్’గా కలిసిపోయాయి, బహువచనాలు కలవలేదు. లకారానిదీ ఇదే కథ: ‘అనిమాల్’ అంటే జంతువు, బహువచనం ‘అనిమాయిస్’. లాటిన్ ‘అనిమాలెస్’లో రెండు అచ్చుల మధ్య ఉన్న లకారం జారిపోయింది, ఏకవచనంలో మాట చివర ఉంది కాబట్టి నిలిచింది.

1536లో లిస్బన్‌లో అచ్చయిన తొలి పోర్చుగీసు వ్యాకరణంలోనే ఫెర్నాఁవ్ ద ఒలివేయిర ఈ సంగతి పట్టుకున్నాడు. బహువచనాల తేడాకు పూర్వీకుల ఉచ్చారణే కారణమని రాశాడు. నాలుగేళ్ళకు, 1540లో, జువాఁవ్ ద బారుస్ మరో వ్యాకరణం తెచ్చాడు. ఆసియాలో పోర్చుగీసువారి చరిత్రను సంపుటాలుగా రాసిందీ ఈయనే. అప్పటిదాకా పోర్చుగల్‌లో వ్యాకరణమంటే లాటిన్ వ్యాకరణమే. వీధిలో మాట్లాడుకునే భాషకూ నియమాలున్నాయని చూపించడం వాళ్ళు చేసిన పెద్ద పని.

మాట్లాడేవాళ్ళకు పాత రూపాలన్నీ గుర్తుండవు. అందుకే ‘ఆఁవ్’ మాటల్లో ఎక్కువ భాగం ఇప్పుడు సింహం దారిలోనే నడుస్తున్నాయి. పల్లెవాసి అనే అర్థమున్న ‘అల్దియాఁవ్’కు మూడు బహువచనాలూ చెల్లుతాయని వ్యాకరణ గ్రంథాలే ఒప్పుకుంటాయి. బ్రెజిల్ వాడుకలో ‘ఉస్ మెనీనుస్’ బదులు ‘ఉస్ మెనీను’ అనడం మామూలు. బహువచనం సంగతి ఆర్టికల్ చెప్పేసింది కదా, మళ్ళీ ఎందుకన్నట్టు. బడిలో ఇది తప్పు. భాషాశాస్త్రజ్ఞులకు మాత్రం ఇదొక క్రమమైన వ్యవస్థ.

లింగం గొడవ పార్లమెంటు దాకా వెళ్ళింది. జిల్మ రుసెఫ్ బ్రెజిల్ అధ్యక్షురాలయ్యాక తనను స్త్రీలింగ రూపంలో ‘ప్రెజిదేంత’ అని పిలవమన్నారు. ఇద్దరికీ చెల్లే ‘ప్రెజిదేంతె’ ఉండగా ఇదెందుకని వాదన లేచింది, నిజానికి ఆ రూపం అప్పటికే నిఘంటువుల్లో ఉన్నదే. పట్టాల మీద డిగ్రీ పేరు, వృత్తి పేరు పట్టభద్రుల లింగాన్ని బట్టి రాయాలని 2012లో చట్టం కూడా వచ్చింది.

ఇల్లు–ఇళ్ళు, కన్ను–కళ్ళు అని ఏ సూత్రమూ చదవకుండానే పలికే మనకు ఈ పద్ధతి మరీ పరాయిది కాదు. పోర్చుగీసు నేర్చుకునేవాళ్ళు ప్రతి మాటకూ ఆర్టికల్, ఏకవచనం, బహువచనం మూడూ కలిపి పట్టుకుంటే చాలు. అలా నేర్చుకున్నవాళ్ళకు ‘పాఁయ్‌స్’ మినహాయింపుల పట్టికలో ఒక పేరుగా కాక, నకారం పోగొట్టుకున్న లాటిన్ మాటగా గుర్తుంటుంది. కారణం తెలిసిన మాటను మరిచిపోవడం కష్టం.